‘లేదు’ అనని పాలామె

మొన్న ఉస్మాన్‌గంజ్ మీదుగా పోతుంటే తెలగపిండి అమ్మే షావుకారు కొట్టులోంచి పిలిచాడు. ‘‘బహదూర్‌పురా పాలామె పోయింది బాపూ, ఎరుకనా?’’ అన్నాడు. సైకిల్ దిగాను. ఆమె బతికుంటే ఆ మాటను కూడా ఒప్పుకునేది కాదు. ‘పోయింది’ ఏంది, ‘దాటింది’ అనాలె అని షావుకారును సరిదిద్దేది.

నేను ఆమెను ఎరిగింది పాలామెగానే. పేరు పెట్టి పిలవాల్సిన అవసరం మా గల్లీలో ఎవరికీ రాలేదు. హుసేనీ ఆలంలో మా మేనమామ ఇంట్లో ఉండి నేను ఇంజినీరింగు చదువుతున్న రోజులవి. పొద్దున్నే తలమీద ఇత్తడి బిందె, చేతిలో కొలత లోటాతో బహదూర్‌పురా నుంచి నడిచి వచ్చేది. మొదట మా గల్లీ, తరువాత లాడ్ బజార్‌లో గాజుల దుకాణాలు, అక్కడినుంచి వెనక్కి. కొంగు బిందె మూతికి అడ్డంపెట్టి పోసేది, దిష్టి తగలకుండా. కొలిచేటప్పుడు ‘ఒకటి’ అనేది కాదు. పాతకాలం గింజల కొలతలాగా ‘లాభం’ అని మొదలుపెట్టి ‘రెండు, మూడు’ అని సాగించేది. కొలత అయ్యాక పైన కొసరుగా రెండు చుక్కలు జారవిడిచి, ‘‘గిది మీ పిల్లికి’’ అనేది. మా ఇంట్లో పిల్లి లేదు. ఆ సంగతి ఆమెకూ తెలుసు.

అన్నిటికంటే ఆమెలో నేను గమనించింది ఒక్కటి. ‘లేదు’ అన్న మాట ఆమె నోట వచ్చేది కాదు. దీపం ఆరితే కొండెక్కిందనడం, ఇంట్లో బియ్యం అయిపోతే నిండుకున్నాయనడం మనకు కొత్త కాదు. మా అమ్మా అనేది. కానీ మన ఆడవాళ్ళు దీపానికీ, బియ్యానికీ, పసుపు కుంకాలకూ పాటించే ఆ నియమాన్ని ఆమె లోకమంతటికీ పరిచింది. పాలు అయిపోతే నిండుకున్నయి. చిల్లర లేకపోతే రేపు ఉంటది. వానాకాలం రాకపోతే వస్తున్నది. ఒకసారి మా అత్తయ్య పట్టుబట్టి, ‘‘ఇవ్వాళ పెరుగు ఉందా లేదా, ఒక్క మాట చెప్పు’’ అంటే, ‘‘ఉండేది అమ్మా’’ అని బిందె ఎత్తుకుని వెళ్ళిపోయింది.

మా మేనమామ వకీలు. ఆమె మాటతీరు ఆయనకు వినోదంగా ఉండేది. ‘‘ఈమె గనక నా కక్షిదారు అయితే నేను నల్లకోటు విప్పి పాలు అమ్ముకోవాలె’’ అని నవ్వేవాడు. తరువాత ఆ నవ్విన సంగతి ఆయనే మరిచిపోవాలని చూశాడు.

ఆమె భర్త ఉస్మాన్‌గంజ్ నుంచి తెలగపిండి బస్తా సైకిల్ మీద వేసుకుని వస్తుండగా నయాపూల్ దగ్గర ఒక గుత్తేదారు లారీ గుద్దింది. అక్కడే ప్రాణం పోయింది. తప్పు లారీదేనని చూసినవాళ్ళు చెప్పారు. గుత్తేదారు తరఫువాళ్ళు కూడా ఆ సంగతి మీద పెద్దగా వాదించలేదు. వాదనంతా ఎంత ఇవ్వాలన్న దానిమీదే. మామ ఆ దావా తీసుకున్నాడు. పటాలు గీయడం వచ్చని నాకు ప్రమాదం జరిగిన చోటు నక్షా గీసే పని, ఇంటి రాబడి పట్టికగా రాసే పని అప్పగించాడు.

ఆ హర్జానా, అంటే నష్టపరిహారం, లెక్క ఎలా కడతారో మామ ఒక సాయంత్రం నాకు చెప్పాడు. పోయిన మనిషి ఎంత మంచివాడన్నది కోర్టు అడగదు. ఇంటివాళ్ళు ఎంత ఏడ్చారన్నదీ అడగదు. ఆయన ఇంటికి తెచ్చేది ఎంత, అందులో తన తిండికీ బట్టకూ వాడుకునేది ఎంత అని అడుగుతుంది. మొదటిదాంట్లోంచి రెండోది తీసేస్తే మిగిలేదే ఇంటివాళ్ళు పోగొట్టుకున్నది. దాన్ని ఏళ్ళతో హెచ్చవేయాలి. ఎన్నేళ్ళు? ఆయన బతికుంటే పనిచేసే ఏళ్ళన్నీ ఒప్పుకోరు. జబ్బు రావచ్చు, బర్రెలు చావవచ్చు. పైగా ఏళ్ళమీద రావలసింది ఒక్కసారే చేతికి వస్తుంది కనుక ఇంకొంత కోస్తారు. పిల్లవాడు పనికి అందివచ్చే కాలం, ముసలి తల్లి బతికే కాలం చూసి, వాటి మధ్య ఎక్కడో ఒక అంకె పట్టుకుంటారు.

మాకు కాలవ నీటి లెక్క నేర్పారు. వచ్చే నీరు, దారిలో ఆవిరయ్యేది, నేలలోకి ఇంకేది, చివరి పొలానికి అందేది. ఇదీ అలాంటిదేనని నాకు తేలిగ్గా అర్థమైంది. ఇక్కడ ఇంకిపోయేది మనిషి స్వంత తిండి. అది ఎంత తక్కువైతే ఇంటివాళ్ళకు అంత ఎక్కువ.

ఆమెకు ఆ డబ్బు ఎందుకు కావాలో కూడా స్పష్టంగానే ఉంది. గడ్డి కోయడం, తెల్లవారుజామున పిండడం, దాణా మోయడం భర్త పనులు. డబ్బు వస్తే కొడుకు ఎదిగేదాకా ఒక జీతగాణ్ణి పెట్టుకుని కొట్టం నిలుపుకోవచ్చు. రాకపోతే బర్రెలను అమ్మి ఆమె పిల్లవాడితో అన్నగారింటికి పోవాలి, అత్త తన కూతురింటికి పోవాలి. ఆ అత్తాకోడళ్ళు పెళ్ళినాటినుంచీ పొద్దుటి తగవుతో రోజు మొదలుపెట్టేవాళ్ళు. అయినా విడిపోవడమన్న మాట ఎత్తితే ఇద్దరూ ఒకేసారి వేరే వైపు చూసేవాళ్ళు.

పేషీకి ముందురోజు మా వరండాలో మామ ఆమెకు సాక్ష్యం నేర్పాడు.

‘‘మీ ఆయన పూటకు ఏం తింటుండె?’’

‘‘మంచిగ తింటుండె వకీల్ సాబ్.’’

‘‘ఎన్ని రొట్టెలు?’’

‘‘ఎన్ని పెడితె అన్ని.’’

‘‘అట్ల చెప్పొద్దమ్మా. రెండు జొన్నరొట్టెలు, ఇంత కారం అని చెప్పు. పాలు?’’

ఆమె గొంతు తగ్గించి, ‘‘పాలు తాగకపోతుండె. గా లోటెడుగూడ అమ్మితె పిల్లగానికి అక్కరకొస్తయనేటోడు’’ అంది.

‘‘శాభాష్. అదే మాట రేపు జడ్జి ముందు చెప్పు.’’

‘‘గదెట్ల చెప్త?’’

‘‘నిజమేనంటివి గద?’’

‘‘నిజమైతె? పాలోళ్ళ ఇంట్ల మొగడు పాలు తాగకపోతుండెనని పదిమందిల చెప్పాల్నా? దీని మొగనికి పొయ్యకుండ అమ్ముకున్నదంటరు. నలుగురేమనుకుంటరు?’’

‘‘నలుగురు నీకు హర్జానా ఇయ్యరు.’’

‘‘పాలు కొనేది నలుగురే గద సాబ్.’’

మామ నా వైపు చూశాడు. నేను పట్టికవైపు చూశాను.

‘‘మల్ల అత్త గూడ వస్తది కోర్టుకు’’ అందామె. ‘‘నీ కొడుకు పాలచుక్క ముట్టకుండనే బతికిండని ఆమె ముందల చెప్పనీకి నా నాలుక తిరుగదు.’’

మామ చాలాసేపు నచ్చజెప్పాడు. చివరకు, ‘‘పోనీ, అడిగితే తలవంచుకుని నిలబడు, ఏమీ చెప్పకు’’ అన్నాడు. ఆమె సరేనంది. సరేననడానికి ఆమెకు ఎప్పుడూ ఇబ్బంది ఉండేది కాదు.

కోర్టులో వ్యవహారమంతా ఉర్దూలో. తెలుగు సాక్షి చెప్పింది ఒక గుమస్తా ఉర్దూ చేసి చెబితే జడ్జి రాసుకునేవారు. గుమస్తా బుద్ధిమంతుడు, మాటకు మాట పెట్టేవాడు. ఆయన తెలుగు పుస్తకాల్లో నేర్చుకున్నదని మొదటి ప్రశ్నకే తెలిసిపోయింది.

‘‘చనిపోయిన వ్యక్తి నామధేయము?’’

‘‘మా పిల్లగాని నాయిన.’’

‘‘నామధేయము చెప్పవలెను.’’

‘‘మా అత్త కొడుకు.’’

బెంచీల మీద నవ్వులు. మొగుడి పేరు ఎలా చెబుతుంది? వెనకనుంచి ముసలామె లేచి కొడుకు పేరు కోర్టంతా మార్మోగేలా అరిచింది. ‘‘దాన్నెందుకు సతాయిస్తరు, నన్నడుగుండ్రి’’ అని కూడా అంది. జడ్జిగారు పెద్దవయసువారు, నెమ్మదస్తులు. పేరు రాసుకుని, ముసలామెను కూర్చోబెట్టమన్నారు.

గుత్తేదారు వకీలు షేర్వానీ మనిషి, గొంతు పెంచని మనిషి. బర్రెలు ఎన్ని అని అడిగించాడు. ఆమె వేళ్ళు ముడుస్తూ ‘‘లాభం, రెండు, మూడు, నాలుగు’’ అంది. గుమస్తా ‘‘ఫాయిదా, దో, తీన్, చార్’’ అన్నాడు. ‘‘ఫాయిదా ఉందని ఆమే ఒప్పుకుంటోంది హుజూర్’’ అన్నాడు వకీలు నవ్వుతూ. మామ లేచి ఆ ఆచారం వివరించవలసి వచ్చింది.

తరువాత షేర్వానీ వకీలు అసలు వాదానికి వచ్చాడు. నాలుగు బర్రెలూ బతికే ఉన్నాయి. పాలు ఇస్తూనే ఉన్నాయి. లారీ బర్రెలను గుద్దలేదు కదా, ఇక ఇంటికి వచ్చిన నష్టం ఏమిటి? అది తేల్చడానికే సాక్షిని మరొక ప్రశ్న అడిగించాడు. మీ ఆయన పోయినప్పటినుంచి నెలాఖరుకు ఇంట్లో బియ్యం, పప్పు ఎలా ఉంటున్నాయి?

ఆమె తడుముకోలేదు. ‘‘నెలాఖరు దాక యాడికి సాబ్? ఆయన ఉన్నప్పుడు నెలాఖరుకు నిండుకుంటుండె. ఇప్పుడు నెల నడిమిట్లనే నిండుకుంటున్నయి.’’

గుమస్తా తలపంకించి తర్జుమా చేశాడు. ‘‘మియా జీతే థే తో మహీనే కే ఆఖిర్ మే భర్ జాతే థే. అబ్ మహీనే కే బీచ్ మే హీ భర్ జాతే హై.’’

మొగుడు ఉన్నప్పుడు నెలాఖరుకు నిండేవి, ఇప్పుడు సగం నెలకే నిండుతున్నాయి అని దాని అర్థం.

షేర్వానీ వకీలు ఇంకేమీ అడగలేదు. అడగవలసిన పని లేదు. జడ్జిగారి వైపు తిరిగి చేతులు రెండూ చాచి, పోషించేవాడు పోయాక ఇల్లు మరింత త్వరగా నిండుతోందంటే దీనికి హర్జానా ఎవరు ఎవరికి ఇవ్వాలి అన్నట్టు నిలబడ్డాడు.

మామ లేచాడు. నిండుకోవడమంటే అయిపోవడమని చెప్పాడు. అవతలి వకీలు మర్యాదగానే అడ్డుకున్నాడు. ‘‘నిండు అంటే భరా. ఏ పసివాణ్ణి అడిగినా చెబుతాడు. సాక్షి చెప్పిన మాటకు వకీలుసాబ్ కొత్త అర్థం కడుతున్నారు.’’ గుమస్తా కూడా తన తర్జుమాలో దోషం లేదని ప్రమాణపూర్వకంగా అన్నాడు. నిజానికి మాటకు మాటగా చూస్తే దోషం లేదు.

జడ్జిగారు కలం పక్కన పెట్టి తానే అడిగారు. ‘‘మాయీ, భరా యా ఖాలీ? ఏక్ లఫ్జ్ మే బోలో.’’ నిండా, ఖాళీనా, ఒక్క మాటలో చెప్పమని.

దక్కనీ ఉర్దూ ఆమెకు నీళ్ళలా వచ్చు. ‘ఖాలీ’ అంటే చాలు. మామ పెదవులతో ఆ మాట చూపిస్తున్నాడు. ఆమె వెనక్కి తిరిగి అత్తవైపు చూసింది. కొంగు భుజం మీదికి లాక్కుంది. ఏ భాషలోనైనా తన ఇంటిమీద ఆ మాట వేయదని నాకు అప్పుడు అర్థమైంది. ఒక్క మాటతో నాలుగు బర్రెలూ, కొట్టమూ, అత్తా చేజారిపోతున్నా వేయదు.

‘‘సాబ్,’’ అంది చివరకు, ‘‘నేను లాడ్ బజార్ల పాలు పోస్త. పొద్దుగూకినంక గాజుల మియాలు పోరగాండ్లకు ‘దుకాన్ బఢావో’ అని చెప్తరు. బఢావో అంటె పెంచుడు గద. మరి దుకాన్ పెద్దగ జేస్తరా, మూస్తరా?’’

గుమస్తా తర్జుమా ముగించేలోపే కోర్టు ఒక్కసారిగా నవ్వింది. షేర్వానీ వకీలు కూడా తల దించుకుని నవ్వాడు. జడ్జిగారు నవ్వలేదు.

‘‘మూస్తారు’’ అన్నారు.

‘‘మా బియ్యం కుండగూడ గట్లనే సాబ్.’’

‘‘మా ఇంట్లో కూడా చిరాగ్ బుఝాతే నహీ, బఢాతే హై’’ అన్నారు జడ్జిగారు గుమస్తాతో. దీపాన్ని ఆర్పడమనరు, పెంచడమంటారని. రాసిన వాక్యం కొట్టేయించి, ఇంట్లో గింజలు నెల సగానికే అయిపోతున్నాయని రాయించారు.

అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. షేర్వానీ వకీలు ఓడిపోయినవాడిలా కూర్చోబోతూ, ఏదో గుర్తొచ్చినట్టు లేచి, మెత్తగా ఒక్క ప్రశ్న అడిగించాడు. మీ ఆయన కష్టజీవి కదా, రోజూ పాలు తాగేవాడా?

మామ గట్టిగా దగ్గాడు. తలవంచుకోమని దాని అర్థం.

ఆమె తల ఎత్తింది. ‘‘తాగకపోతె ఎట్ల సాబ్? రోజు అరశేరు. చిక్కటియి, నీళ్ళు కలవనియి. ఆయన తాగినంకనే బిందె నెత్తికెత్తుకుంటుంటి.’’

ఈసారి తర్జుమాలో ఏ పొరపాటూ జరగలేదు. జడ్జిగారు రాసుకున్నారు. వెనక బెంచీ మీద ముసలామె చేతులు ఒళ్ళో పెట్టుకుని నేల చూస్తూ కూర్చుంది.

బయట వసారాలో మామ మండిపడ్డాడు. ‘‘ప్రమాణం చేసి అబద్ధం చెప్పినవు! నీ నోటితో ఎంత పోగొట్టుకున్నవో తెలుసా?’’

‘‘ఎంతనో ఎందుకు సాబ్? లోటెడు పాలు.’’

‘‘లోటెడు కాదమ్మా. రోజుకు లోటెడు. ఏళ్ళకు ఏళ్ళు. చెప్పురా’’ అన్నాడు నాతో. నేను అప్పటికే మనసులో హెచ్చవేసి చూశాను. ఇంచుమించు ఒక పాడిబర్రె ధర. ఆ మాటే చెప్పాను.

ఆమె నా మొహంలోకి చూసింది. లెక్క తప్పేమోనని ఆశపడినట్టు నాకు అనిపించలేదు. ‘‘గట్లనా’’ అంది. అంతే.

తీర్పు వచ్చింది. గుత్తేదారు హర్జానా ఇవ్వాలన్నారు. బర్రెలు బతికి ఉన్నంత మాత్రాన వాటిని సాకే చేతులకు వెల లేకపోదని జడ్జిగారు రాశారు. ఆ వాక్యం మామకు చాలా నచ్చింది. రెండుసార్లు పైకి చదువుకున్నాడు. ఆ తరువాత పోయినవాడి స్వంత ఖర్చు అన్నచోట, తిండీ బట్టతో పాటు రోజుకు అరశేరు పాలు కూడా తీసేశారు. వచ్చిన డబ్బు జీతగాడికి సరిపోయేలాగే ఉంది, కానీ ఒక బర్రెను అమ్మి అందులో కలిపితేనే.

‘‘బతికుండంగ చుక్క తాగనోడు,’’ అన్నాడు మామ కాగితాలు మడుస్తూ, ‘‘సచ్చినంక ఒక బర్రెను తాగిండు.’’

బర్రెను అమ్మిన కొద్దిరోజులకు, ఆమె వేలిముద్ర వేయవలసిన కాగితం ఒకటి ఉందని మామ నన్ను బహదూర్‌పురా పంపాడు. నేను పొద్దున్నే వెళ్ళాను. జీతగాడు పాలు పిండి బిందె తెచ్చి కొట్టం ముందు దించాడు. ఆమె కొంగు అడ్డంపెట్టి, లోటా ముంచి, ముందుగా అరశేరు పాలు ఒక గిన్నెలో వేరే తీసింది. రోజూ పోసే ఇళ్ళకు ఇవ్వవలసిన కొలత ఆ తరువాతే మొదలుపెట్టింది. గిన్నె తీసుకుపోయి గుమ్మం పక్కన కూర్చున్న అత్త ముందు పెట్టింది.

‘‘మల్ల తెచ్చినవా?’’ అంది ముసలామె. ‘‘ఉన్న బర్రెలే తక్కువాయె. అమ్ముకోవే పిల్లా, నాకెందుకు పాలు?’’

‘‘గవి అమ్మే పాలు గావత్తా. నీ కొడుకు తాగేటియి. కోర్టుల ప్రమాణం జేసి చెప్పిన, అబద్ధం గానియ్య.’’

ముసలామె గిన్నె ముట్టుకోలేదు. కోడలి మొహం చూడకుండా, ‘‘వాడు తాగకపోతుండె’’ అంది. ‘‘నాకు ఎరుక లేదనుకున్నవా? నేను కన్న బిడ్డ.’’

కోడలు గొంతుక్కూర్చుని, గిన్నె ఎత్తి అత్త రెండు చేతుల్లో పెట్టి, వేళ్ళు దాని చుట్టూ ముడిచింది.

‘‘గప్పుడు తాగకపోతుండె. ఇప్పుడు తాగుతున్నడు’’ అంది. ‘‘చల్లారకముందే తాగు.’’